ఎవరూ లేని గేటు దగ్గర రైలు ఎందుకు కూస్తుంది?

ప్రశ్న: మాస్టారూ, మాది గుణుపురం. వయసు 22. ఇంట్లో తెలుగు, బడిలో ఒడియా, ఇంగ్లీషు మూడోది. అమెరికాలో పైలట్ ట్రైనింగ్ తీసుకుంటున్నాను. అక్క పెళ్లికి ఇంటికొచ్చాను, వచ్చే నెల తిరిగి వెళ్లాలి. మా స్కూలున్న ఎయిర్‌పోర్టుకి కంట్రోల్ టవర్ లేదు. టవర్ ఉన్న చోటికి వెళ్తే నాకు ఇబ్బంది ఉండదు. వాళ్లు చెప్పింది తిరిగి చెప్పి, చేసుకుపోతాను. టవర్ లేని చోట మాత్రం రేడియో బటన్ నొక్కగానే గొంతు ఎండిపోతుంది. ఎవరితో మాట్లాడుతున్నానో తెలీదు, ఎవరూ జవాబివ్వరు. ఇంటికి బయల్దేరే ముందు వారం సోలోలో, అంటే ఒక్కదాన్నే ఎగురుతూ, ఫైనల్‌లో, అంటే దిగడానికి నేరుగా రన్‌వే మీదకి వస్తూ ఉండగా ఒక పాత పసుపు విమానం, తోక కింద చక్రం ఉన్నది, రన్‌వే మీదకి వచ్చేసింది. నేను ఫైనల్ అని రెండుసార్లు చెప్పాను. గో అరౌండ్ చేసి, అంటే దిగడం మానేసి, పైకి వెళ్లిపోయాను. నా ఉచ్చారణ అర్థం కాకే అలా అయిందా? అప్పట్నుంచి ఒకటే టెన్షన్. ఇంట్లో చెప్పలేదు. ఏం చెయ్యను? — పేరు వద్దు, రాయగడ జిల్లా

జవాబు:

అమ్మా,

ముందు నువ్వు అడగని దానికి జవాబు చెప్తాను. ఆ రోజు గో అరౌండ్ చేశావు చూడు, అది సరైన పని. రన్‌వే మీద ఇంకో విమానం కనిపించింది, పవర్ పెట్టి పైకి వెళ్లిపోయావు. పక్కన ఇన్‌స్ట్రక్టర్ లేరు. మూడోసారి బటన్ నొక్కి చూద్దాం, ఈసారైనా వింటాడేమో అని నువ్వు ఆగలేదు. ఈ మాట నీకు అక్కడ ఎవరైనా చెప్పారో లేదో, నేను మాత్రం చెప్తున్నాను. భయపడిన మనిషి చేసే పని కాదది.

ఇక ఉచ్చారణ సంగతి. ఆ విమానం రంగు, తోకచక్రం రాయడం మంచిదైంది. అమెరికాలో పాత పసుపు విమానం, తోకచక్రం అనగానే నాకు గుర్తొచ్చేది పైపర్ కబ్. 1938 నుంచి 1947 దాకా దాదాపు 20 వేలు తయారయ్యాయి, ఇప్పటికీ చాలా ఎగురుతున్నాయి. అసలు తయారైన పద్ధతిలో దానికి కరెంటు ఏర్పాటే లేదు. ప్రొపెల్లర్‌ని చేత్తో తిప్పి ఇంజను స్టార్ట్ చేస్తారు. కరెంటు లేకపోతే రేడియో ఎక్కడిది? కొందరు చేతిలో పట్టుకునే చిన్న సెట్ తీసుకెళ్తారు, కొందరు అదీ తీసుకెళ్లరు. టవర్ లేని ఎయిర్‌పోర్టుల్లో చాలావాటికి రేడియో ఉండి తీరాలన్న నిబంధన అక్కడ లేదు. ఉన్నవాళ్లు తప్పకుండా వాడమని గట్టిగా సలహా ఇస్తారు, అంతే. కాబట్టి నువ్వు లండన్‌లో పుట్టి పెరిగినదానిలా పలికినా ఆ పసుపు విమానం నీ మాట వినకపోయి ఉండొచ్చు.

రేడియో ఉండి కూడా వినకపోవడానికి వేరే కారణాలున్నాయి. మీ ఎయిర్‌పోర్టు ఫ్రీక్వెన్సీ 122.8 అనుకో, అతను 122.7 పెట్టుకుని ఉండొచ్చు. వాల్యూమ్ తగ్గి ఉండొచ్చు. నువ్వు మాట్లాడిన క్షణంలోనే ఇంకెవరో మాట్లాడి ఉండొచ్చు. నీ వైపు నుంచి కూడా ఒకటి చూసుకో: నువ్వు పెట్టింది సరైన ఫ్రీక్వెన్సీయేనా? ఆ రోజు మీ ఎయిర్‌పోర్టు పేరు పలుకుతూ వేరేవాళ్లు మాట్లాడటం విన్నావా? వింటే నీ సెట్ బాగానే ఉంది. ఒక్క ముక్క కూడా వినకపోతే అనుమానించాల్సింది ఉచ్చారణని కాదు, ఆ అంకెల్ని.

నీ ఉత్తరంలో నన్ను ఆపింది ‘ఎవరూ జవాబివ్వరు’ అన్న మాట. నీ టెన్షన్‌కి మూలం అక్కడే ఉందనిపించింది.

నేను పుట్టి పెరిగింది పర్లాకిమిడిలో. మా ఇంటి వెనక నుంచి నౌపడా–గుణుపురం చిన్న రైలు వెళ్లేది. పర్లాకిమిడి రాజుగారు 1900లో మా ఊరిదాకా వేయించిన నారోగేజి లైను, 1931లో మీ ఊరిదాకా పొడిగించారు. నువ్వెరిగింది బ్రాడ్‌గేజి రైలునే అయి ఉంటుంది. అప్పట్లో దారిలో చాలా గేట్ల దగ్గర గేటుమ్యాన్ ఉండేవాడు కాదు. గేటుకి కొంత ఇవతల, పట్టాల పక్కన ఒక పసుపు బోర్డు, దాని మీద నల్ల అక్షరాలతో ‘సీ/ఫా’ అని ఉండేది. సీటీ, ఫాటక్. ముందు గేటుంది, కూత వెయ్యమని డ్రైవరుకి గుర్తు. వైశాఖమాసం మిట్టమధ్యాహ్నం, గేటు దగ్గర మేక కూడా లేదు. అయినా ఆ బోర్డు రాగానే పొడుగ్గా కూత. ఎవరూ లేరు కదా, ఎవరికోసం కూస్తున్నాడని మా నాన్నని అడిగాను. ‘ఉన్నారో లేదో అతనికి తెలీదు కదరా, అందుకే’ అన్నారు.

గేటు దగ్గరికి వచ్చే ఎడ్లబండి మనిషి ఏం చేసేవాడో కూడా నాకు బాగా గుర్తు. పగ్గం లాగి బండి ఆపేవాడు. చెవి పెట్టేవాడు. కూత వినపడకపోయినా మెడ సాచి అటూ ఇటూ చూసి, అప్పుడు ఎడ్లని అదిలించేవాడు. కూత లేదు కాబట్టి రైలు లేదని అనుకునేవాడు కాదు.

టవర్ అంటే గేటుమ్యాన్. అతనున్న చోట నువ్వు అడుగుతావు, అతను చెప్తాడు, నువ్వు తిరిగి చెప్తావు. మాటకి మాట. అందుకే అక్కడ నీకు హాయిగా ఉంటోంది. టవర్ లేని చోట నువ్వే రైలువి, నువ్వే బండివి. కూత వేసిన డ్రైవరు జవాబు కోసం కాచుకుంటాడా? నువ్వూ కాచుకోవద్దు. అక్కడ నువ్వు ఎవర్నీ అడగడం లేదు, నీ చోటు చెప్తున్నావు. విన్నవాడి మనసులో ఆకాశం బొమ్మ ఒకటి ఉంటుంది, అందులో నీ చుక్క పడుతుంది. నువ్వు చెయ్యాల్సింది అంతే. జవాబు రాకపోవడం మామూలు సంగతి. కానీ జవాబు రాలేదు కాబట్టి ఆకాశం ఖాళీ అనుకుంటే మాత్రం ప్రాణం మీదకి వస్తుంది.

చాలామంది ‘చుట్టుపక్కల ఎవరైనా ఉంటే చెప్పండి’ అనే అర్థం వచ్చే ఒక ఇంగ్లీషు మాట చివర తగిలిస్తారు. ఎనీ ట్రాఫిక్ ఇన్ ది ఏరియా ప్లీజ్ అడ్వైజ్. నువ్వూ అంటున్నావేమో. అమెరికా విమానయాన శాఖ పైలట్లకిచ్చే మాన్యువల్‌లో ఈ మాట ఏ పరిస్థితిలోనూ వాడొద్దని సూటిగా రాసుంది. కారణం తేలికే. నలుగురుంటే నలుగురూ ఒకేసారి బటన్ నొక్కుతారు, ఒక్కరిదీ వినపడదు. ఎవరూ పలక్కపోతే, అడిగాను కదా, ఎవరూ లేరు అన్న ధీమా వస్తుంది.

ఆ ధీమా ఎంత పని చేస్తుందో క్విన్సీ ప్రమాదంలో ఉంది. అమెరికాలో ఇల్లినాయ్ రాష్ట్రంలో టవర్ లేని చిన్న ఎయిర్‌పోర్టు అది. 1996 నవంబర్ 19, చీకటి పడే వేళ. పదిమంది ప్రయాణికులు, ఇద్దరు పైలట్లతో ఒక బీచ్ 1900 విమానం దిగడానికి వస్తోంది, రన్‌వే 13 మీదకి. దాన్ని అడ్డంగా కోసే రన్‌వే 4 మీద కింగ్ ఎయిర్ అనే ఇంకో విమానం నిలబడి ఉంది, అందులో ఇద్దరు. దాని వెనక తన వంతు కోసం చెరొకీ అనే ఒక చిన్న విమానం. ముగ్గురికీ రేడియోలున్నాయి, ముగ్గురిదీ ఒకటే ఫ్రీక్వెన్సీ. బీచ్ కెప్టెన్ బాధ్యతగానే అడిగింది: రన్‌వే 4 మీదున్న విమానం ఆగుతుందా, బయల్దేరుతుందా? కింగ్ ఎయిర్ పలకలేదు. వెనకున్న చెరొకీ పైలట్ బటన్ నొక్కి, తన నంబరు చెప్పి, రన్‌వే 4 దగ్గర ఆగి ఉన్నానన్నాడు. అతని మాట సాఫీగా సాగలేదు, మధ్యలో తెగింది. సరిగ్గా అప్పుడే బీచ్ కాక్‌పిట్‌లో ఎత్తు చెప్పే యంత్రం గొంతు ‘టూ హండ్రెడ్’ అని పలికింది. ఆ గందరగోళంలో, ఆగుతానన్నది కింగ్ ఎయిరే అనుకుని బీచ్ పైలట్లు థాంక్స్ కూడా చెప్పారు. బయల్దేరుతున్నట్టు చెప్పకుండానే కింగ్ ఎయిర్ పరుగు మొదలుపెట్టింది. రెండు రన్‌వేలు కలిసే చోట రెండూ ఢీకొన్నాయి. మొత్తం 14 మంది పోయారు. దర్యాప్తులో ప్రధాన తప్పు కింగ్ ఎయిర్ పైలట్లదని తేలింది: వాళ్లు ఫ్రీక్వెన్సీని సరిగా వినలేదు, బయటికి సరిగా చూడలేదు. తెగిపోయిన ఆ చెరొకీ జవాబు కూడా ప్రమాదానికి దోహదం చేసిందన్నారు.

అక్కడ జవాబు వచ్చిందమ్మా. జవాబు వచ్చింది కాబట్టే నమ్మారు. ఇచ్చింది వేరే మనిషి. అందుకే ఎవరైనా పలికితే, పలికింది ఎవరు, నేను చూస్తున్న విమానం అదేనా అని ఒక్క క్షణం ఆలోచించు. పలకకపోతే కళ్లతో వెతుకు. ఆ పసుపు విమానాన్ని నువ్వు పట్టుకున్నది కళ్లతోనే కదా.

ఏం చెప్పాలన్నది మీ స్కూల్లో నేర్పే ఉంటారు, అయినా మన ఊళ్లతో ఒకసారి చెప్తాను. గుణుపురానికి ఒక రన్‌వే ఉందనుకో, ఉత్తర దక్షిణాలుగా. ఈ రోజు దక్షిణం వైపు మొహం పెట్టి దిగాలి, దిక్సూచిలో 180 డిగ్రీలు, అంటే రన్‌వే 18. నువ్వు పర్లాకిమిడి వైపు నుంచి వస్తున్నావు. ఇలా చెప్తావు: ‘గుణుపురం ట్రాఫిక్, సెస్నా ఫోర్ టూ సెవెన్, ఎయిట్ మైల్స్ సౌత్ ఈస్ట్, టూ థౌజండ్ ఫైవ్ హండ్రెడ్, ఇన్‌బౌండ్ ఫర్ లెఫ్ట్ డౌన్‌విండ్, రన్‌వే వన్ ఎయిట్, గుణుపురం.’ ఎవర్ని పిలుస్తున్నావు, నువ్వెవరు, ఎక్కడున్నావు, ఎంత ఎత్తులో, ఏం చెయ్యబోతున్నావు, మళ్లీ ఊరి పేరు. డౌన్‌విండ్ అంటే రన్‌వే పక్కనే, దిగే దిక్కుకి ఎదురు దిక్కులో వెళ్లే దారి. ఎనిమిది సెకన్లు, మహా అయితే పది.

ఊరి పేరు రెండుసార్లు ఎందుకంటే, అమెరికాలో జనం వాడుకునే ఎయిర్‌పోర్టులు సుమారు 5 వేలైతే టవర్లు సుమారు 500 మాత్రమే. మిగతావన్నీ కొద్దిపాటి ఫ్రీక్వెన్సీలనే పంచుకోవాలి. విమానం రేడియో కంటిచూపు లాంటిది, కొండ అడ్డమొస్తే ఆగిపోతుంది, అడ్డం లేకపోతే చాలా దూరం పోతుంది. 3 వేల అడుగుల ఎత్తు నుంచి 60 నాటికల్ మైళ్లు దాటుతుంది. గుణుపురం మీద నువ్వన్న మాట, మధ్యలో కొండ లేకపోతే, శ్రీకాకుళం మీదున్న వాడికీ వినపడుతుందన్న మాట. రన్‌వే 18 అని ఒక్కటే వింటే వాడు తన ఊరి రన్‌వే అనుకుని కంగారు పడతాడు. పైగా కంగారులో బటన్ నొక్కుతూనే మాట్లాడేస్తాం, మొదటి మాట తెగిపోతుంది. చివర పేరు ఉంటే అది సర్దుకుంటుంది. నొక్కు, ఒక ఊపిరి ఆగు, అప్పుడు మొదలుపెట్టు.

చోటు చెప్పేటప్పుడు దిక్కు, దూరం చెప్పు. ‘మర్రిచెట్టు మలుపు దగ్గరున్నా’ అంటే మీ వీధివాళ్లకి తెలుస్తుంది. బరంపురం నుంచి మొదటిసారి వచ్చినవాడికి ఏ మర్రిచెట్టని? మీ స్కూలు పిల్లలు అక్కడి ఎర్ర గోదాము, నీళ్ల ట్యాంకు పేర్లు చెప్పుకోవడం అలవాటు చేసుకుని ఉంటారు, నువ్వు ఆ అలవాటు చేసుకోకు.

ఎప్పుడెప్పుడు చెప్పాలి? వచ్చేటప్పుడు పది మైళ్ల దూరంలో, తర్వాత డౌన్‌విండ్, బేస్ (డౌన్‌విండ్ నుంచి రన్‌వే వైపు తిరిగే అడ్డ దారి), ఫైనల్, దిగి రన్‌వే ఖాళీ చేశాక. వెళ్లేటప్పుడు ట్యాక్సీ మొదలుపెట్టే ముందు, రన్‌వే మీదకి ఎక్కే ముందు. ఇవి నీకు తెలిసినవే, పొడిగించను. పది మైళ్ల దగ్గర మొదటి మాట మాట్లాడే ముందే నీ చెవులు ఆ ఫ్రీక్వెన్సీలో ఉండాలి. రెండు మూడు నిమిషాలు ఊరికే విను. ఎవరెవరు ఎక్కడున్నారో మోకాలి మీద పలక మీద చుక్కలు పెట్టుకో. సగం టెన్షన్ అక్కడే దిగుతుంది, ఎందుకంటే అప్పుడు నువ్వు చీకట్లోకి మాట్లాడటం లేదు, ఎవరితో మాట్లాడుతున్నావో తెలుసు.

ఇద్దరు ఒకేసారి మాట్లాడితే చెవుల్లో కీచుమని చప్పుడొస్తుంది. విమానాల రేడియో ఏఎం పద్ధతిలో పనిచెయ్యడం వల్ల వచ్చే చప్పుడది. విసుగ్గా ఉన్నా మేలు చేసే చప్పుడు. ఎఫ్ఎం అయితే గట్టి సిగ్నల్ ఒక్కటే వినపడి, రెండో మనిషి ఉన్నట్టే తెలిసేది కాదు. కీచు వినపడితే ఇద్దరి మాటా పోయిందని అర్థం. కాస్త ఆగి మళ్లీ చెప్పు.

మైకు విషయంలో ఒక జాగ్రత్త చెప్పాలి, ఇది నా మనసులో ఉండిపోయిన సంగతి. నేర్చుకునే రోజుల్లో ఒక మధ్యాహ్నం చేతి మైకు నా తొడకీ సీటుకీ మధ్య ఇరుక్కుంది. బటన్ నొక్కుకుపోయి ఉంది, నేను చూసుకోలేదు. దాదాపు పావుగంట ఆ ఫ్రీక్వెన్సీ అంతా నా ఇంజను చప్పుడే. ఎవరూ మాట్లాడటం లేదు, ఈ రోజు ఆకాశం ప్రశాంతంగా ఉందనుకున్నాను. అదే సమయంలో నాకంటే చిన్న కుర్రాడొకడు, రెండో సోలోలో ఉన్నవాడు, తన మాట ఎవరికీ చేరక, నా మాట తనకి తెలియక, సర్క్యూట్‌లోకి, అంటే దిగే ముందు రన్‌వే పక్కన తిరిగే చుట్టులోకి, రావాలా వద్దా అని దూరంగా చుట్లు కొడుతూ ఉండిపోయాడు. దిగాక వాడి ముఖం చూశాను. తిట్టలేదు, ఏమీ అనలేదు, చేతులు మాత్రం వణుకుతున్నాయి. అప్పట్నుంచి చాలాసేపు నిశ్శబ్దంగా ఉంటే నా చెయ్యి ముందు మైకు మీదకే వెళ్తుంది. నీ సెట్‌లో నువ్వు మాట్లాడనప్పుడు కూడా టీఎక్స్ అన్న అక్షరాలు వెలుగుతుంటే బటన్ ఇరుక్కుందని తెలుసుకో.

భాష గురించి. మన తెలుగు మాటలు దాదాపు అన్నీ అచ్చుతో ముగుస్తాయి కాబట్టి బేస్ అన్నది బేసు అవుతుంది, ఫైనల్ ఫైనలు అవుతుంది. దానివల్ల ప్రమాదమేమీ లేదు, సందర్భం తెలిసినవాడికి అర్థమవుతుంది. మన అసలు ఇబ్బంది వేగం. భయం వేస్తే మనం ఇంకా తొందరగా మాట్లాడతాం. అంకెల దగ్గర మాత్రం నిదానించు. ఫిఫ్టీన్, ఫిఫ్టీ ఒకేలా వినపడతాయి కాబట్టే రన్‌వేని వన్ ఫైవ్ అని విడివిడిగా పలుకుతారు. తొమ్మిదిని నైనర్ అనమన్నదీ ఫైవ్‌తో కలవకూడదనే. ఇంగ్లీషే పుట్టుభాష అయినవాళ్ల కోసం కూడా పెట్టిన పద్ధతులివి. మాట మరిచిపోతే మామూలు ఇంగ్లీషులో చెప్పు. ‘నేను ఊరికి ఉత్తరాన ఉన్నాను, దిగడానికి వస్తున్నాను’ అన్నా నీ చుక్క పడిపోతుంది.

చదువయ్యాక ఇక్కడికి తిరిగొస్తే రేడియో లైసెన్సు పరీక్ష, ఆర్టీఆర్, రాయాల్సి ఉంటుంది. ఇదివరకు టెలికాం శాఖ పెట్టేది. 2024లో వచ్చిన భారతీయ వాయుయాన్ చట్టంతో మన విమానయాన నియంత్రణ సంస్థ డీజీసీఏ చేతికి వచ్చింది. ఇక్కడి చిన్న స్ట్రిప్‌లలో ఇంకో సంగతుంది. కొన్నిచోట్ల కింద స్కూలు సెట్ దగ్గర ఒకరు కూర్చుని గాలి ఎటుంది, ఎవరెక్కడున్నారు అని చెప్తుంటారు. అది కబురే తప్ప అనుమతి కాదు. దిగాలా వద్దా అన్నది నీ నిర్ణయమే. వాడకం తక్కువున్న చోట రన్‌వే మీద పశువులు ఉండొచ్చు, ధాన్యం ఆరబోసి ఉండొచ్చు. వాటికి ఏ ఫ్రీక్వెన్సీ లేదు. పైనుంచి ఒకసారి చూసుకుని దిగడం తప్పనిసరి.

ఇక ఈ నెలరోజులూ ఏం చెయ్యాలో చెప్తాను. పెళ్లివారి షామియానా ఎక్కకముందే మీ డాబా మీద ముగ్గుపిండితో ఒక పొడుగు గీత గియ్యి, అది రన్‌వే. దాని ఎడమ పక్కన సర్క్యూట్ దీర్ఘచతురస్రం వెయ్యి. పొద్దున్నే పదిసార్లు నడువు. డౌన్‌విండ్ మొదట్లో నిలబడి గట్టిగా చెప్పు, బేస్ మలుపులో చెప్పు, ఫైనల్‌లో చెప్పు. మనసులో అనుకుంటే సరిపోదు, వీధిలోకి వినపడాలి. గొంతుకి ఆ మాటలు అలవాటు కావాలి. నాలుగైదు రోజులయ్యాక పెళ్లికొచ్చిన చుట్టాల పిల్లల్లో ఇద్దర్ని పిలిచి, వాళ్లకీ ఒక్కో విమానం పేరు పెట్టి, వాళ్లని కూడా ఆ గీతల మీద నడిపించు. ఒకడికి మాట్లాడమను. రెండోవాడికి చెవిలో చెప్పు, నువ్వు పసుపు విమానానివి, నోరెత్తకూడదు, ఎప్పుడు బుద్ధి పుడితే అప్పుడు రన్‌వే మీదకి వచ్చెయ్ అని. నువ్వు ఫైనల్‌లో ఉన్నప్పుడు వాడు వస్తాడు. మళ్లీ గో అరౌండ్ చెయ్యి. నోటితో చెప్పు, చుట్టు తిరిగి మళ్లీ రా.

తిరిగి వెళ్లాక మొదటి గంట ఇన్‌స్ట్రక్టర్‌ని పక్కన కూర్చోబెట్టుకో. మాటలు ఆయన్ని చెప్పమను, నువ్వు విని ఎవరెక్కడున్నారో బొమ్మ గియ్యి. రెండో గంట నువ్వు చెప్పు, బొమ్మ ఆయన్ని గియ్యమను. ఇంట్లో చెప్పలేదన్నావు. అక్కకి చెప్పు, పెళ్లి హడావిడి కాస్త సద్దుమణిగాక.